మౌనముని పోపు

ముందే చెబుతున్నాను, ఈ కథలో ఆవగింజంత అబద్ధం లేదు. డెబ్బై తొమ్మిదేళ్లుగా కథలు చెబుతున్నాను. మొదటి రెండేళ్లూ మాటలు రాక చెప్పలేదనుకోండి. మిగతా డెబ్బై ఏడేళ్లలో ఒక్క కల్లబొల్లి మాట చెప్పిన పాపాన పోలేదు. కావలిస్తే మా ఊళ్లో ఎవరినైనా అడగండి. అడిగేటప్పుడు మాత్రం నా పేరు చెప్పకండి.

సముద్రానికి ఇవతలి ఒడ్డున ఒక దేశం, అవతలి ఒడ్డున ఇంకో దేశం. పేర్లు చెప్పను. రెండింటికీ పడదు. ఎందుకు పడదో తెలిసినవాళ్లు రెండు దేశాల్లోనూ చచ్చిపోయారు, పడకపోవడం మాత్రం మిగిలింది. ఇద్దరి దగ్గరా అణుబాంబులున్నాయి. ఇద్దరూ వేసుకోరు. ఎందుకు వేసుకోరంటే, అది కాస్త వివరంగా చెప్పాలి.

మీకూ నాకూ తగువుందనుకోండి. నా గడ్డివాము తగలబెట్టడం మీకు ఒక్క అగ్గిపుల్ల పని. అందుకని నేనేం చేశానంటే, వెలిగే కాగడా ఒకటి మా తమ్ముడి చేతికిచ్చి, "ఒరే, నువ్వు పోయి ఎక్కడైనా దాక్కో. ఎక్కడున్నావో నాకు కూడా చెప్పకు. నా వాము అంటుకున్న మరుక్షణం వాళ్ల వాము అంటించు" అన్నాను. అని, ఆ సంగతి మీకు చెవినేశాను. ఇంక మీరు అగ్గిపుల్ల గీస్తారా? చుట్ట ముట్టించుకోడానికి కూడా గీయరు. దీన్నే పెద్దవాళ్లు అణు నిరోధం అంటారు. ఆ తమ్ముడే జలాంతర్గామి. ఆ కాగడాలే నీళ్ల అడుగునుంచి లేచి, ఆకాశం దాటి, అవతలివాడి నడినెత్తిన దిగే బాలిస్టిక్ క్షిపణులు.

ఇవతలి దేశపు జలాంతర్గామి పేరు మౌనముని. పొట్టలో పన్నెండు క్షిపణులు, తొంభైముగ్గురు మనుషులు, ఒక పొయ్యి. ఆ పొయ్యి దగ్గరుండేవాడు పొట్నూరు గురువులు. యాభై రెండేళ్ల మనిషి. పొట్టిగా, గుండ్రంగా, మూత పెట్టిన గుండిగలా ఉండేవాడు. మౌనముని నీళ్లలో దిగిన రోజునుంచీ తొమ్మిదేళ్లుగా వంట అతనిదే. మూడేసి నెలలు నీటి అడుగున సూర్యుడు కనపడడు, చంద్రుడు కనపడడు. గోడ గడియారం చూసి మధ్యాహ్నమంటే ఎవరికి నమ్మకం? సరిగ్గా పదకొండు నలభైకి గురువులు కాగిన నూనెలో గుప్పెడు ఆవాలు వేసేవాడు. చిటపటా చిటపటా అనేవి. ఇంగువ వాసన క్షిపణి గొట్టాల మధ్యనుంచి సాగి, చివర ఇంజను గది దాకా వెళ్లేది. అప్పుడు మధ్యాహ్నమైనట్టు. తొంభైముగ్గురి కడుపులూ ఒక్కసారి "ఉన్నాం" అనేవి. గురువులుకి ఆ క్షణం చాలు. జీతం అదనం.

ఇలా ఉండగా, శబ్ద నిర్మూలన డైరెక్టరేట్ అని ఒకటి పుట్టింది. దాని అధిపతి డాక్టర్ పరాంకుశం. దాక్కున్న తమ్ముడు దగ్గితే దొరికిపోతాడు కదా, అందుకని జలాంతర్గామిలో ఏ చప్పుడూ ఉండకూడదని ఆయన సిద్ధాంతం. మంచి సిద్ధాంతమే. మంచి సిద్ధాంతానికి ఆఫీసూ, జీపూ ఇస్తే ఏమవుతుందో మీకు తెలుసు. ఆయన వస్తూనే గురకపెట్టేవాళ్లని ఒడ్డుకి బదిలీ చేశాడు. చెప్పులకి గుడ్డలు కట్టించాడు. దేవుడి పటం ముందున్న గంటకి నాలుక కోయించాడు. తుమ్ము వచ్చేవాళ్లు వాడుకోడానికి మనిషికొక తుమ్ముదిండు మంజూరు చేయించి, వాడిన ప్రతిసారీ సంతకం పెట్టమన్నాడు.

ఒకరోజు చెవులకి యంత్రం తగిలించుకుని మౌనమునిలో తనిఖీ చేస్తుండగా పదకొండు నలభై అయింది.

డాక్టరు ఎగిరిపడ్డాడు. "ఏమిటా విస్ఫోటనం?"

"పోపండి," అన్నాడు కెప్టెన్ దండు భగీరథరాజు. మీసం, మర్యాదా రెండూ గోదావరి జిల్లావి. భోజనం దగ్గర తప్ప ఎక్కడా తొందరపడని మనిషి.

"ఎవరు అనుమతించారు?"

"పప్పండి."

డాక్టరు నవ్వలేదు. ఆయన దగ్గర నవ్వుకి కూడా దిండు ఉండేది. నేరుగా వంటగదిలోకి వచ్చి, మూకుడు వైపు పాముని చూసినట్టు చూశాడు.

"నీ పేరేమిటి?"

"గురువులండి బాబూ. కూకోండి, ఒక ముద్ద తిని ఎల్దురు గాని."

"నీవు ప్రతిదినమూ ఈ సర్షప విస్ఫోటనము కావిస్తున్నావా?"

"మరేటో నాకు తెల్దు బాబూ. పప్పులోకి ఆవాలు ఏత్తన్నాను."

"ఆ ఆవాలు శబ్దము చేయుచున్నవి."

"సెయ్యాల గదా బాబూ. ఆవాలు సిటపటమనని పోపంటే, ఏడవకండా పుట్టిన బిడ్డలాటిది. పేనం లేదని అరదం."

డాక్టరు ఆ మాట రాసుకుని, కింద ఎర్రగీత గీశాడు. వారం తిరక్కుండా ఉత్తర్వు వచ్చింది. "ఇందుమూలముగా తెలియజేయునది ఏమనగా, మౌనముని పాకశాల యందు జరుగుచున్న అనధికార ధ్వని ఉద్గారము దేశ భద్రతకు భంగకరమని కనుగొనబడినందున, తొంభై దినములలోగా నిశ్శబ్ద పోపును అభివృద్ధి పరచవలెను. అటుల కానియెడల పాకశాలను రద్దు పరచి, డబ్బా ఆహారమును ప్రవేశపెట్టి, వంటవాని సేవలను ఓడల రేవులో తుప్పు గోకు విభాగమునకు బదలాయించవలెను."

గురువులుకి కెప్టెన్ చదివి వినిపించాడు. మొదట్నుంచీ చివరి దాకా విని గురువులు ఒక్కటే అడిగాడు.

"ఆ తుప్పు గోకే కాడ పొయ్యి ఉంటాదా బాబూ?"

"ఉండదురా."

"ఎల్లనండి."

"వెళ్లనంటే కుదురుతుందేంట్రా? ఆవాల నోరు నొక్కు, నీ పొయ్యి నీకుంటుంది. నా పప్పు నాకుంటుంది."

నిశ్శబ్ద పోపు సాధన సంఘంలో పదిహేడుగురు సభ్యులు. అందులో వంట వచ్చినవాడు గురువులొక్కడే, అతనికి ఓటు లేదు. ప్రయోగశాల మధ్య పొయ్యి పెట్టి, చుట్టూ పదిహేడు కుర్చీలు వేసి, పదహారుమంది చెవులకి యంత్రాలు తగిలించుకుని కూచున్నారు. గురువులు నిలబడ్డాడు.

"నానబెట్టిన ఆవాలు మెత్తగా ఉండును. మెత్తనివి చప్పుడు చేయవు," అన్నాడు ఒక సభ్యుడు.

"వద్దు బాబూ, తడావాలు నూనిలో ఏత్తే..." అంటుండగానే వేయించారు. ఉపసంచాలకుడి ఎడమ మీసం పోయింది. నమోదైన చప్పుడు ఫిరంగికి కాస్త తక్కువ, పెళ్లి బాణసంచాకి కాస్త ఎక్కువ. ఆయన కుడి మీసాన్ని సాక్ష్యంగా ఉంచుకోమని ఫైల్లో రాశారు.

తర్వాత మూత పెట్టి వేయించమన్నారు. మూత డప్పులా మోగింది. మూత మీద పరుపు వేయమన్నారు. పరుపు అంటుకుంది. గుప్పెడు ఒకేసారి వేస్తే చప్పుడు గానీ ఒక్కొక్క గింజే వేస్తే అంత ఉండదు కదా అని ఇంకొకాయన లెక్క వేశాడు. గురువులు పటకారుతో ఒక్కొక్క ఆవగింజ పట్టుకుని, పేలగానే తీసి, ఇంకోటి వేస్తూ కూచున్నాడు. పదకొండు నలభైకి మొదలుపెట్టిన పోపు దీపాలవేళకి అయింది. అప్పటికి పప్పు పులిసింది.

వ్యవసాయ శాస్త్రజ్ఞుడొకాయన పేలని ఆవాలు పండిస్తానని ఆరేళ్లు గడువూ, నలభై ఎకరాలూ అడిగాడు. ఇచ్చారు. ఈలోగా టెండరు పిలిచి, ఒడ్డునే పేల్చేసి డబ్బాల్లో పోసిన ఆవాలు తెప్పించారు. డబ్బా మీద "పూర్వ విస్ఫోటిత సర్షపములు" అని రాసుంది. కెప్టెన్ ఆ పప్పు ఒక ముద్ద నోట్లో పెట్టుకుని చాలాసేపు మింగలేదు.

"డాక్టరుగారండీ, ఇది పప్పాండి, గోడకి వేసే సున్నమాండి?"

"అటుల అనిపించుటకు కారణము శ్రవణానుభూతి లోపించుటయే," అన్నాడు డాక్టరు. "దీనికి మేము పరిష్కారము కనుగొంటిమి." పరిష్కారమేమిటంటే, పోపు చప్పుడు రికార్డు చేసి, భోజనాల వేళ అందరి చెవులకీ యంత్రాలు తగిలించి వినిపించడం. తొంభైముగ్గురూ చెవుల్లో చిటపట వింటూ నోట్లో సున్నం తిన్నారు. రెండో రోజు ఇంజను గదిలో ఒకడు చెవియంత్రం నాకుతూ దొరికాడు.

తొంభై రోజులు అయిపోయాయి. ఆవాల నోరు ఎవరూ నొక్కలేకపోయారు. మౌనమునిలో ఆవాలన్నీ నిషేధించారు. ఇక బయల్దేరబోయే ప్రయాణమే గురువులుకి ఆఖరిది. తిరిగి రాగానే పొయ్యి పీకేసి డబ్బాలు పెడతారు, అతని చేతికి తుప్పు గోకే ఇనప బ్రష్షు ఇస్తారు. బ్రష్షు మీద పేరు కూడా రాయించేశారు.

ఆవాల డబ్బాలు సీలు వేసి దింపుకుపోతుంటే డాక్టరు చూపు పైకి పడింది. క్షిపణి గొట్టాల ముందు, నడవకి అడ్డంగా, ఎర్రగుడ్డ మూట ఒకటి వేలాడుతోంది. కొబ్బరికాయంత ఉంది.

"అదేమిటి?"

"దిష్టి మూట బాబూ," అన్నాడు గురువులు.

"అందులో ఏమున్నది?"

"ఏటుంటాది? కల్లుప్పు, ఎండు మిరపకాయలు, ఆవాలు."

"ఆవాలా! దింపండి!"

ఎవరూ కదల్లేదు. డాక్టరు మళ్లీ అన్నాడు. స్టోరు ఆఫీసరు రిజిస్టరు తిరగేసి, "సార్, ఇది ఆహార పదార్థాల్లో లేదు. భద్రతా పరికరాల్లో ఉంది. నీళ్లలో దింపిన రోజున ఉత్తర్వు ఇచ్చి కట్టించారు. ఏటా ఆయుధపూజకి కొత్త సరుకుతో మార్చాలని కూడా ఉంది. దింపాలంటే దింపినవారి సంతకం కావాలి సార్" అని కలం అందించాడు.

డాక్టర్ పరాంకుశం కలం పట్టుకున్నాడు. పన్నెండు క్షిపణులు. వేలకోట్ల సొత్తు. దానికి దిష్టి మూట తీయించిన మనిషిగా రేపు తన పేరు ఫైల్లో ఉంటుంది. పైగా ఆయన సొంత జీపుకే నిమ్మకాయా, మిరపకాయలూ వేలాడుతున్నాయి. ఆయనా పెళ్లాం పిల్లలు గలవాడే. కలం మూత తీసి ఇలా రాశాడు: "సదరు సర్షపములు ఆహార పదార్థములు కాక రక్షణ పరికరములు అగుటచే, నిషేధము వీనికి వర్తించదు."

మౌనముని నీళ్లలోకి దిగింది. నిజం చెప్పాలంటే, అంత నిశ్శబ్దంగా ఏ జలాంతర్గామీ ఏనాడూ తిరగలేదు. చేపలు కూడా వచ్చి గుద్దుకునేవి.

పదకొండు నలభై అయ్యేది. గురువులు మూకుడు ముందు నిలబడి చేతులు చీరకి తుడుచుకునే ఆడమనిషిలా ఊరికే లుంగీకి తుడుచుకునేవాడు. వేయడానికేమీ లేదు. మధ్యాహ్నం వచ్చిందో లేదో ఎవరికీ తెలిసేది కాదు. ఒకడు రెండుసార్లు అన్నం తినేవాడు, ఇంకొకడు అసలు తినేవాడు కాదు. నాలుగోరోజుకి కెప్టెన్ పప్పు గిన్నె వెనక్కి పంపి, చీటీ పెట్టాడు. "గురువులూ, నీ తప్పేం లేదురా."

ఆ చీటీ చూసి గురువులు ఏడ్చాడు. తుమ్ముదిండులో ఏడ్చాడు. సంతకం పెట్టాడు.

ఇప్పుడు కథ అవతలి ఒడ్డుకి పోవాలి.

అవతలి దేశంలో సముద్రాన్ని వినే ఆఫీసు ఒకటుంది. అందులో ఒక ముసలి గుమాస్తా చెవులకి యంత్రం తగిలించుకుని కూచుంటాడు. అతని ముందు తొమ్మిదేళ్ల రిజిస్టర్లున్నాయి. మౌనముని నీళ్లలో తిరిగిన రోజుల పేజీలన్నిట్లోనూ ఒకటే మాట. "పదకొండు నలభై. చిటపట." అది వినగానే అతను కూడా అన్నం క్యారేజీ విప్పేవాడు. ఏకాదశులూ, గ్రహణాలూ పక్కన ఎర్రసిరాతో రాసుకున్నాడు, ఆ రోజుల్లో చిటపట ఉండదు గనక. ఇవతలి తమ్ముడు కాగడా పట్టుకుని ఏ పొద చాటున ఉన్నాడో వాళ్లకి తొమ్మిదేళ్లుగా తెలుసు. తెలుసు గనకే నిద్రపోయారు. తెలిసిన కాగడా దీపంతో సమానం.

మౌనముని రేవు వదిలిందని కబురొచ్చింది గానీ, మొదటి రోజు చిటపట వినపడలేదు. గుమాస్తా పంచాంగం చూశాడు. ఏకాదశి కాదు. క్యారేజీ విప్పలేదు. మూడో రోజు పై అధికారికి చెప్పాడు. ఆరో రోజుకి సేనాధిపతులందరూ రిజిస్టరు చుట్టూ మూగారు.

"పోపు ఆగింది," అన్నాడు పెద్ద సేనాధిపతి. "పోపు ఆగిందంటే పప్పు మీద ఆశ వదులుకున్నారన్నమాట. పప్పు మీద ఆశ వదులుకున్నవాడు ప్రాణం మీద కూడా వదులుకుంటాడు. వాళ్లు వస్తున్నారు. మన జలాంతర్గామికి చెప్పండి, క్షిపణి గొట్టాల మూతలు తెరవడానికి సిద్ధంగా ఉండమని."

పదో రోజు ఉదయం అవతలి దేశపు రాయబారి చెమటలు కక్కుకుంటూ ఇవతలి రక్షణ కార్యదర్శి ఆఫీసుకి పరుగెత్తాడు. కార్యదర్శి పక్కన డాక్టర్ పరాంకుశం కూడా ఉన్నాడు.

"అయ్యా, మనలో మాట. మీరు పప్పులో పోపు మానేశారా?"

కార్యదర్శి గొంతు సవరించుకున్నాడు. "మాకు జలాంతర్గామి ఉన్నదని గానీ, అందులో పప్పు ఉన్నదని గానీ, ఆ పప్పులో పోపు ఉన్నదని గానీ మేము ధ్రువీకరించము. అటులని ఖండింపము."

"ఖండించకండి మహాప్రభో, వేయించండి! తొమ్మిదేళ్లుగా వింటున్నాం. రేపు మధ్యాహ్నం పన్నెండు లోపు ఆ చప్పుడు వినపడకపోతే మావాళ్లు మూతలు తెరిచేస్తారు. మా ఇంటావిడ కూడా మీ ఊళ్లోనే ఉంది. నాకు భయంగా ఉంది."

"మీ భయమును మేము నమోదు చేసుకొంటిమి."

రాయబారి వెళ్లిపోయాక తలుపులు మూసి, కార్యదర్శీ, డాక్టరూ కౌగలించుకున్నారు. "చూశారా వణుకు! నిరోధమంటే ఇదే కదండీ! ఇన్నాళ్లూ వాడు భయపడనే లేదన్నమాట!" ఆఫీసులో లడ్డూలు పంచారు. డాక్టరుకి దండ వేశారు. తొమ్మిదేళ్లుగా దొరికిపోయి ఉన్నామన్న మాట ఎవరికీ తోచలేదు, లడ్డూ నోట్లో ఉంది మరి. ఎందుకైనా మంచిదని మౌనమునికి ఒక సందేశం పంపారు. నీటి అడుక్కి సందేశం నత్తలా వెళుతుంది, అక్షరం అక్షరం లెక్కన. మర్నాడు పదకొండున్నరకి చేరింది.

"అభినందనలు. శత్రువు వణుకుచున్నాడు. పోపు లేనందున పన్నెండు గంటలకు దాడి చేయునట. మీరు యథాప్రకారము నిశ్శబ్దముగా నుండి, దాడి అనంతరము ప్రతిదాడి కావించగలరు."

కెప్టెన్ భగీరథరాజు రెండుసార్లు చదివాడు. అదే గదిలో సముద్రం వినే ఎలియాజరు యంత్రం తీసి, తెల్లబోయిన మొహంతో చెప్పాడు. "సార్, దగ్గర్లోనే ఉన్నారు. క్షిపణులు వదిలే ముందు గొట్టాల్లో నీళ్లు నింపుతారు కదా, ఆ చప్పుడు వినబడుతోంది."

"చప్పుడు చెయ్యాలయ్యా! ఏదో ఒకటి! గరిటెతో కొట్టండి!"

ఉప కెప్టెన్ నిబంధనల పుస్తకం పట్టుకొచ్చాడు. "సార్, చప్పుడు చెయ్యాలంటే శబ్ద నిర్మూలన డైరెక్టరేట్ వారి ముందస్తు అనుమతి కావాలి. పద్నాలుగో నంబరు ఫారం."

"పంపండి!"

"రేడియోలో పంపితే చప్పుడవుతుంది సార్. దానికి ఇంకో పద్నాలుగో నంబరు ఫారం కావాలి."

కెప్టెన్ కుర్చీలో కూలబడ్డాడు. గడియారం పదకొండు ముప్పై ఎనిమిది. పప్పు గిన్నె పట్టుకుని గుమ్మంలో నిలబడ్డ గురువులు అంతా విన్నాడు. గిన్నె కింద పెట్టాడు. స్టూలు లాక్కుని, పైకెక్కి, ఎర్రగుడ్డ మూట విప్పడం మొదలుపెట్టాడు.

"ఒరేయ్ గురువులూ! అది ప్రభుత్వం వారి దిష్టి మూటరా!"

"దిష్టి తియ్యడానికే గదా బాబూ ఏలాడదీసినారు. పన్నిండు గంటలకి ఊర్లకి ఊర్లే ఎలిగిపోతాయంటే ఇంకెప్పుడు తీత్తాం? సచ్చినాకా?"

"నీ ఉద్యోగం పోతుందిరా."

"ఎలాగూ తుప్పు గోకేదే గదా. లోకం ఉంటే గదా బాబూ తుప్పన్నా ఉంటాది."

కెప్టెన్ లేచాడు. టోపీ తీశాడు. తల వంచాడు. గురువులు మూటని ఆయన చుట్టూ మూడుసార్లు తిప్పి, "ఇరుగు దిష్టి, పొరుగు దిష్టి, అవతలొడ్డు దిష్టి, ఆఫీసోళ్ల దిష్టి" అంటూ వంటగదిలోకి పరుగెత్తాడు. నూనె కాగుతోంది. నిప్పుల్లో వేసిన దిష్టి ఎంత చిటపటమంటే అంత దిష్టి తగిలినట్టు లెక్క కదా. కొబ్బరికాయంత మూట ఒక్క విసురుతో మూకుట్లో బోర్లించాడు.

ఏం చెప్పమంటారు! తొమ్మిదేళ్ల పోపు ఒక్కసారిగా పేలినట్టయింది. ఆవాలు ఇనుప కప్పుకి తగిలి గవ్వల్లా రాలాయి. కల్లుప్పు టపాకాయల్లా పేలింది. మిరపకాయల ఘాటు నడవ అంతా పాకింది. ఒకడు తుమ్మాడు. ఇంకొకడు తుమ్మాడు. తుమ్ముదిండ్లు ఎక్కడున్నాయో ఎవరికి గుర్తు? తొంభైముగ్గురూ, కెప్టెన్ తో సహా, మౌనముని ఊగిపోయేట్టు తుమ్మారు.

అవతలి ఒడ్డున ముసలి గుమాస్తా చెవియంత్రం పట్టుకుని కుర్చీమీదికెక్కాడు. "చిటపట! చిటపట! పదకొండు నలభై! ఘాటు కాస్త ఎక్కువైంది, తుమ్ముతున్నారు, పాపం!" అని అరిచాడు. అరిచి, పదకొండు రోజుల తర్వాత అన్నం క్యారేజీ విప్పాడు.

ఇవతల ఎలియాజరు కళ్లు తుడుచుకుంటూ చెయ్యెత్తాడు. "సార్, మూతలు బిగిస్తున్నారు. ఆగండి, ఇంకేదో చప్పుడు." ఒక నిమిషం విన్నాడు. "వాళ్ల వంటవాడు సార్. గరిటెతో గిన్నె అంచు మీద కొడుతున్నాడు. టంగ్, టంగ్. భోజనాలకి పిలుస్తున్నాడేమో."

"మనకి కాదు గదా పిలుపు," అన్నాడు కెప్టెన్. అని, కంచం పట్టుకుని వరసలో మొదట నిలబడ్డాడు.

తర్వాత జరిగింది మీరు ఊహించుకోగలరు. రెండు దేశాల మధ్య పోపు ఒడంబడిక కుదిరింది. ప్రతిరోజూ పదకొండు నలభైకి, అరవై గ్రాములకి తగ్గకుండా, ఏకాదశితో నిమిత్తం లేకుండా ఆవాలు వేయాలి. బదులుగా అవతలివాళ్లు గరిటెతో గిన్నె మీద ఏడు దెబ్బలు కొట్టాలి. మౌనముని రిపేరుకి వస్తే పోపు ఆగకుండా ఒక పడవలో పొయ్యి పెట్టి సముద్రంలోకి పంపాలి. శబ్ద నిర్మూలన డైరెక్టరేట్ పేరు మార్చి శబ్ద పరిరక్షణ డైరెక్టరేట్ అన్నారు. బోర్డు ఒక్కటే మారింది. అధిపతి డాక్టర్ పరాంకుశమే. ఇప్పుడాయన చెవులకి యంత్రం తగిలించుకుని వచ్చి, "చప్పుడు చాలదు. జాతీయ ప్రమాణమునకు రెండు చిటపటలు తక్కువ" అని రాసుకుంటున్నాడు. పేలని ఆవాలు పండించే నలభై ఎకరాల్లో మాత్రం పని ఆగలేదు. ఆరేళ్లు మంజూరైంది కదా.

గురువులుకి ఒకే కవరులో రెండు కాగితాలు వచ్చాయి. ఒకటి, ప్రభుత్వ భద్రతా పరికరమును నూనెలో వేయించినందుకు సంజాయిషీ కోరుతూ. రెండోది, ఒడంబడిక అమల్లో ఉన్నంతకాలం మౌనముని పొయ్యి నుంచి అతన్ని కదపరాదని. గురువులు మొదటిదాన్ని పొయ్యి రాజేయడానికి వాడాడు. రెండోదాన్ని మడిచి, కొత్త దిష్టి మూటలో కట్టి వేలాడదీశాడు. తుప్పు గోకే బ్రష్షు అడిగి తెచ్చుకుని, మూకుడు తోముకుంటున్నాడు. దాని మీద పేరుంది కదా, ఇంకెవరికీ ఇవ్వరాదట.

ఇదీ కథ. ఆవగింజంత అబద్ధం లేదన్నాను గానీ, ఉంది. సరిగ్గా ఆవగింజ ఉన్నచోటే ఉంది. తుమ్ములు నిజం, ఒడంబడిక నిజం, ఆ ఉపసంచాలకుడి కుడి మీసం ఇప్పటికీ ఫైల్లో ఉంది. కానీ ఆ సందేశం పదకొండున్నరకి చేరిందన్నాను చూశారూ, అది నేను కల్పించింది. చేరింది మూడు దాటాక. గురువులు స్టూలెక్కినప్పుడు పన్నెండు గంటల సంగతి ఆ నౌకలో ఒక్కరికీ తెలీదు. కెప్టెన్ స్నానం చేస్తున్నాడు. మూట మూడుసార్లు తిప్పిన మాట వాస్తవమే, కెప్టెన్ చుట్టూ మాత్రం కాదు, పప్పు గిన్నె చుట్టూ.

ఆమధ్య సెలవుకి వచ్చినప్పుడు నేనే అడిగాను. "ఏరా గురువులూ, లోకాన్ని కాపాడావట?"

"లోకం గోల నాకేటి తెల్సు బాబూ?" అన్నాడు. "పదకొండు రోజులైనాది, ఒక్కడు పప్పు ముట్టలేదు. పప్పుకి దిష్టి తగిలినాది, తీసినాను."